జపాను మాస్టారూ, అవ్వ గోడా

పోయిన వారం మా అపార్టుమెంటుకు రంగులు వేయించే విషయమై కమిటీవాళ్ళు మీటింగు పెట్టారు. రంగుల కంపెనీ మనిషి ఒక పుస్తకం తెచ్చి అందరి చేతుల్లోనూ తిప్పాడు. చూస్తే అందులో ఒక్క తెలుపే పది రకాలుంది. పాలమీగడ తెలుపట, ముత్యపు తెలుపట, ఏదో గుడ్డుపెంకు తెలుపట. వాటిలో ఏది మేలన్న దాని మీద పెద్దపెద్ద ఉద్యోగాలు చేస్తున్నవాళ్ళు గంటన్నర సేపు వాదించుకున్నారు. చివరికి పెద్దదాన్ని కదా అని నన్నడిగితే నాకు నవ్వాగలేదు. ఎందుకు నవ్వుతున్నానో వాళ్ళకు చెప్పలేదు గానీ, ఇంటికొచ్చి కాఫీ కలుపుకుని కూర్చునేసరికి నవ్వు పోయి దిగులు మిగిలింది. తెల్లసున్నం వల్ల ఒక పెద్దమనిషి ముప్పై ఏళ్ళ కష్టం గంగలో కలవబోయిన సంగతి, దానికి కారణం అచ్చంగా నేనే అయిన సంగతి, ఈ కాలనీలో ఎవరికీ తెలియదు. నా ఈడువాళ్ళెవరైనా చదువుతారేమోనని ఇప్పుడు రాస్తున్నాను.

మేము తెనాలి వైపు నుంచి మేడ్చల్ వచ్చినప్పుడు తొంభైలు అప్పుడే మొదలవుతున్నాయి. మా వారికి ఇక్కడి ఫ్యాక్టరీలో ఉద్యోగం. ఊరి చివర కొత్తగా వేసిన కాలనీలో మాది మూడో ఇల్లు. మిగతాదంతా హద్దురాళ్ళూ తుమ్మచెట్లే. పిల్లలు బడికీ, ఆయన డ్యూటీకీ వెళ్ళాక నాకూ మా అత్తగారికీ మిగిలే పని ఒకరి ముఖం ఒకరు చూసుకోవడమే. ఆ రోజుల్లోనే ఫ్యాక్టరీకి జపాను నుంచి యంత్రాలు బిగించే ఇంజనీర్లు రావడం మొదలైంది. వాళ్ళకు ఇంగ్లీషు అంతంతమాత్రం, వీళ్ళకు జపాను భాష బొత్తిగా సున్న, ఇద్దరూ మూగసైగలతో బోల్టులు బిగిస్తున్నారని మా వారు అన్నం తింటూ పగలబడి నవ్వుతూ చెప్పారు. నేను నవ్వలేదు. సిటీలో ఆ భాష ఎక్కడ నేర్పుతారో కనుక్కోమని ఆ పూటే ఆయన వెంటపడ్డాను.

వారానికి మూడు రోజులు రెండు బస్సులు మారి వెళ్ళి నేర్చుకున్నాను. మా అత్తగారు నా నోటుపుస్తకం తిరగేసి, ముగ్గులు నేర్చుకోవడానికి అంత దూరం పోవాలా, నన్నడిగితే నేనే నేర్పనూ అని వచ్చినవాళ్ళందరి ముందూ అనేవారు. ఆవిడ మనసు మంచిదే, నోటికే కాస్త దురద. నాకేమో చిన్నప్పటి నుంచీ ఒక జబ్బుంది, నీవల్ల కాదని ఎవరైనా అంటే ఆ పని అయ్యేదాకా నాకు ముద్ద దిగదు. పిల్లలకు జ్వరాలొచ్చినా, బస్సులు రాకపోయినా, ఇద్దరు తప్ప తక్కిన విద్యార్థులంతా మానేసినా నేను మానలేదు. నాలుగో ఏడు తిరిగేసరికి ఫ్యాక్టరీవాళ్ళే కబురుపెట్టి అప్పుడప్పుడూ మాటసాయం చేయమని అడగడం మొదలుపెట్టారు. ఆ రోజు మా అత్తగారు గుప్పెడు పంచదార నా నోట్లో పోసి, ఇంకేం, ముగ్గులు బాగానే వేశావు అన్నారు.

అదిగో, ఆ మరుసటి ఏడు వానాకాలంలో, సినిమా తీయడానికి చోటు వెతుక్కుంటూ జపాను నుంచి ఆ పెద్దమనిషి వచ్చారు, మాటసాయానికి ఫ్యాక్టరీవాళ్ళు నా పేరు చెప్పారు. సినిమా డైరెక్టరంటే నల్లకళ్ళద్దాలూ, చుట్టూ పదిమందీ ఉంటారనుకుని నేను పట్టుచీర కట్టుకుని మరీ వెళ్ళాను. తీరా చూస్తే మెడ చుట్టూ తువ్వాలు వేసుకుని, అరిగిపోయిన గుడ్డ టోపీతో, మన ఊళ్ళో పోస్టాఫీసులో రిటైరైన గుమాస్తాలాగా ఉన్నారాయన. అప్పటికే అరవైకి దగ్గరపడ్డారు. చేతిలో పెన్సిలు మాత్రం ఎప్పుడూ ఉండేది, అదీ చిటికెనవేలంత ముక్క. వాళ్ళ మనుషులు ఆయన్ని సెన్సే అని పిలిచేవారు. మన భాషలో మాస్టారు లాంటి మాట అది. నేనూ మాస్టారనే పిలిచాను, ఇప్పటికీ మనసులో మాస్టారే.

మేడ్చల్ నుంచి శామీర్‌పేట వైపు అంబాసిడరు కారులో తిరిగిన ఆ పది రోజుల్లో ఆయన తన కథంతా చెప్పారు. ఆయన తీరు చిత్రంగా ఉండేది, బాధ చెప్పుకోవడమూ కాదు, గొప్పలూ కావు, దారిలో ఒక మైలురాయి దాటినప్పుడల్లా ఒక ముక్క చెప్పి ఊరుకునేవారు. ఇరవై ఏళ్ళ వయసులో ఒక స్టూడియోలో వేరేవాళ్ళు రాసిన స్క్రిప్టులకు శుభ్రమైన చేతిరాతతో నకళ్ళు రాసే పనిలో చేరారట. ఆరేళ్ళు నకళ్ళే. ఒకనాడు పెద్ద రచయిత జ్వరంతో పడుకుంటే ఒక వాన సీను ఈయన చేత రాయించారు, అది బాగుందని ఇంకొకటి, అలా పాతికేళ్ళు ఇతరులు తీసే సినిమాలకు రాశారు. పేరు వచ్చేది డైరెక్టర్లకి. అంతలో టీవీలు వచ్చి స్టూడియో మూతపడింది. యాభై దాటాక పట్టుబట్టి తనే ఒక సినిమా తీస్తే అది వారం ఆడింది. ఆ తర్వాత టీవీ సీరియళ్ళు రాసుకుంటూ, రెండో సినిమా కోసం ఎనిమిదేళ్ళు ఎన్ని గుమ్మాలు ఎక్కి దిగారో లెక్కలేదు. ఇప్పుడొక చిన్న కంపెనీ ఒప్పుకుంది. ఇది మధ్యలో ఆగిందంటే ఇక ఈ జన్మలో తన చేతికి కెమెరా ఇచ్చేవాళ్ళుండరని, కిటికీలోంచి బయటికి చూస్తూ, ఎవరి సంగతో చెబుతున్నట్టు చెప్పారు.

ఆయన రాసుకొచ్చిన కథ చిన్నదే. జపాను నుంచి ఫ్యాక్టరీ పనిమీద వచ్చిన ఒక కుర్ర ఇంజనీరు ఇక్కడ పల్లెలో ఒక ముసలావిడ ఇంట్లో అద్దెకుంటాడు, ప్రమాదంలో పోతాడు. వాడు బతికిన గది చూసుకోవడానికి తండ్రి వస్తాడు. కొడుకు రోజూ వీపానించి కూర్చున్న గోడకు తండ్రి తన వీపానించి కూర్చుంటాడు. అంతే సినిమా. అందుకని మాస్టారు ఇల్లు వెతకడం లేదు, గోడ వెతుకుతున్నారు. ఎన్నో ఊళ్ళు చూశాం. ఎక్కడికెళ్ళినా ఆయన నటులకు చోటుందా, కెమెరాకు చోటుందా అని చూసేవారు కాదు. గోడలకు చెయ్యి ఆనించి నిలబడేవారు. ఊళ్ళోవాళ్ళు ఈయనకేదో జబ్బనుకునేవారు.

చివరికి శామీర్‌పేట దాటాక కరీంనగర్ రోడ్డు మీద అలియాబాదులో దొరికింది. కాస్త భూములున్న ఇల్లు, గూనపెంకులు, లోపల నాలుగు అర్రలు, అదే గదులు, మధ్యలో ఆకాశం కనిపించే వాకిలి. ఇంటి యజమానురాలు డెబ్బై ఏళ్ళ అవ్వ. కొడుకు అప్పుడప్పుడే ప్లాట్ల వ్యాపారంలోకీ, ఊరి రాజకీయంలోకీ దిగుతున్నవాడు, తెల్లచొక్కా నలగనిచ్చేవాడు కాదు. కోడలు నెమ్మదస్తురాలు. భర్త పోయినప్పటి నుంచి అవ్వ ఇంటికి సున్నం వేయించలేదు, ఎవరి కోసం వెయ్యాలని. వాకిట్లోకి ఉన్న పెద్దగోడ మీద ఏడెనిమిదేళ్ళ పొయ్యి పొగ, పెంకుల కింద నుంచి కారిన వాన చారలు, మనుషులు తల ఆనించి కూర్చున్నచోట నూనె మరకలు. మాస్టారు అరచెయ్యి దాని మీద పెట్టి చాలాసేపు నిలబడ్డారు. తర్వాత నావైపు తిరిగి, ఈ గోడలో మనుషులున్నారు, ఈ మురికే నాకు కావాలి, నేను తిరిగి వచ్చేదాకా దీన్ని ఎవరూ ముట్టుకోవద్దని ఆవిడకు చెప్పండి అన్నారు.

అవ్వ అప్పుడే లోటాలతో మజ్జిగ తెచ్చి ఇచ్చింది. చేతిలో ఇంకా చెంబుంది.

"సల్ల తాగున్రి. ఏమంటుండు బిడ్డా గాయన, గోడ దిక్కు గట్ల జూస్తుండు?"

చూడండి, ఇక్కడే నా బుద్ధి గడ్డి తిన్నది. మజ్జిగ ఇచ్చిన పెద్దావిడతో, మీ ఇంటి మురికి ఆయనకు బాగా నచ్చిందని ఏ ముఖం పెట్టుకుని చెప్పను? మన పెంపకంలో అటువంటి మాట నోటికి రాదు. ఇల్లు చాలా బాగుందంటున్నారు అవ్వా, నాలుగు నెలల తర్వాత సినిమా తీయడానికి ఇక్కడికే వస్తారట అన్నాను. ఆవిడ ముఖం వెలిగిపోయింది. మాస్టారు అది చూసి, అర్థమైందన్నమాట అనుకుని, తలవంచి నమస్కారం పెట్టారు. అందరూ సంతోషించారు. అందరికంటే ఎక్కువ నేను.

ఆ నాలుగు నెలల్లో నేను ఒక్కసారైనా అలియాబాదు వెళ్ళలేదు. అవ్వ కొడుకు మాత్రం రెండుసార్లు ఫోను చేసి, "ఏం పరేషాన్ గాకున్రి మేడం, మీరొచ్చేటాల్లకు ఇల్లు మస్తు జేసి పెడ్తం" అన్నాడు. ఏం చేసి పెడతావు నాయనా అని అడగాలని తట్టనేలేదు. పైగా ఎంత మర్యాదస్తులో అని మా వారికి చెప్పి మురిసిపోయాను.

చలికాలంలో మాస్టారు పాతికమందితో దిగారు. పొద్దున్నే రెండు వ్యానులూ ఒక కారూ అలియాబాదు వెళ్ళాయి. మలుపు తిరగ్గానే ముందు నాకే కనిపించింది. ఇల్లంతా తెల్లగా మెరిసిపోతోంది. రాళ్ళసున్నం నానబెట్టి, నీలిమందు కలిపి, రెండు పూతలు వేసి, అడుగున జాజు పట్టీలు ఎర్రగా తీర్చి, గడపకు పసుపు రాసి, దర్వాజకు మామిడాకులు కట్టి, పెళ్ళి ఇంటిలా చేశారు. వాకిట్లో గోడ గురించి చెప్పనే అక్కర్లేదు, ఎండ పడి కళ్ళు జిగేల్మన్నాయి. అవ్వ కొత్త చీర కట్టుకుని మంగళహారతి పళ్ళెంతో నిలబడి ఉంది. అవ్వ భర్త పోయాక ఆ ఇంటికి పడ్డ మొదటి సున్నం అది, ఎక్కడి నుంచో వచ్చే అతిథుల కోసం. మాస్టారు కారు దిగి, రెండడుగులు వేసి, ఆగిపోయారు. టోపీ తీసి చేత్తో పట్టుకున్నారు.

మొదటి రోజంతా వాళ్ళలో వాళ్ళు తర్జనభర్జన పడ్డారు. ఖర్చులు చూసే మేనేజరు సామాను సర్దేద్దామన్నాడు. వేరే ఇల్లు వెతుకుదామని కొందరు చుట్టుపక్కల ఊళ్ళన్నీ తిరిగొచ్చారు, దొరకలేదు. ఆర్టు పని చూసే ఆయన మాత్రం, ఇదెంత పని, బొగ్గుపొడీ టీనీళ్ళూ కలిపి పూస్తే రెండు రోజుల్లో పాత గోడ తయారవుతుందని మర్నాడు పొద్దున్నే బకెట్లు కలిపి వాకిట్లోకి తెచ్చాడు. అది చూసి అవ్వ గోడకు అడ్డంగా వచ్చి నిలబడింది. కొడుకు సర్దిచెప్పబోతే వాడిని ఒక్క చూపుతో కూర్చోబెట్టింది.

"ఇంటికి మసి పూస్తరా? గిదేం పద్ధతి? గాయనకు ఇల్లు మంచిగున్నదంటిరి గదా, మంచిగుంటె మసెందుకు పూస్తున్రు? నాకు సక్కగ జెప్పు బిడ్డా."

బకెట్టు పట్టుకున్న మనిషీ, మాస్టారూ, మేనేజరూ, వాకిట్లో చేరిన సగం ఊరూ అందరూ నావైపే చూస్తున్నారు. ఇప్పుడు కూడా తియ్యగా ఒక అబద్ధం అల్లడం నాకు చేతకాక కాదు. కెమెరాకు తెలుపు పడదట అవ్వా అంటే ఆవిడ నమ్మేది, నా తప్పు బయటపడేదీ కాదు. కానీ ఆ పెద్దమనిషి చేతిలో ఆ టోపీ చూశాక ఇక నా నోట్లోంచి కల్తీ మాట రాకూడదని ఒట్టు పెట్టుకున్నాను. ముందు అవ్వకు చెప్పాను, ఆయనకు నచ్చింది పాత గోడ అవ్వా, మసీ మరకలతో ఉన్నదే, దాన్ని ముట్టుకోవద్దన్నారు, నేనే మొహమాటపడి నీకు చెప్పలేదు అని. తర్వాత జపాను భాషలో మాస్టారికి అదే చెప్పాను, మీరన్న మాట ఈవిడకు చేరనేలేదు, తప్పు ఈ ఇంటిది కాదు, నాది, నన్ను ఈ పూటే పంపించేయండి అని. చెబుతూ ఏడ్చేశానని ఒప్పుకోవడానికి సిగ్గేమీ లేదు.

అవ్వ నోటిమీద చెయ్యి వేసుకుంది. "అయ్యో బిడ్డా, ముంగట జెప్తె అయిపోవు గదనే" అని, వెంటనే గోడవైపు తిరిగి అనుమానంగా, "గింత ఖరాబు గోడ గాయనకెట్ల నచ్చిందమ్మా?" అంది. ఆవిడకది చివరిదాకా నమ్మబుద్ధి కాలేదు.

మాస్టారు నన్ను అడిగింది ఒక్కటే, ఎందుకు చెప్పలేదని. మా వైపు పెద్దవాళ్ళతో అటువంటి మాట అనం అన్నాను. ఆయన అరుగుమీద కూర్చున్నారు. కాసేపటికి బకెట్లు పారబోయించారు. ఆ తర్వాత ఆయన అన్నమాట నేను జన్మలో మరవను. మొదటి రోజు నుంచి ఇవాళ్టిదాకా, అటు మాట ఇటు చెప్పకుండా మీరు మింగేసినవన్నీ ఒక కాగితం మీద రాసివ్వండి, ఒక్కటి కూడా దాచొద్దు అన్నారు.

రాశాను. మొదలుపెట్టాక తెలిసింది అదెంత జాబితానో. పచ్చడి నోట్లో మంట పెట్టిందని ఆయనంటే, అమృతంలా ఉందన్నారని అవ్వకు చెప్పాను. ఇంత వయసొచ్చినా ఈయనకు ఇల్లు పట్టదా, పెండ్లాము ఏమనదా అని అవ్వ అడిగితే, మీ ఇంట్లో అందరూ క్షేమమేనా అని అడుగుతున్నారని ఆయనకు చెప్పాను. అవ్వ కొడుకు సినిమాలో తనకొక వేషం అడిగితే దాన్ని అసలు చెప్పనే లేదు. చదువుతూ ఆయన మొదటిసారి నవ్వారు. తర్వాత పెన్సిలు ముక్క తీశారు.

మూడు రోజులు, పొద్దు పొడిచింది మొదలు పొద్దు వాలేదాకా, ఆ అరుగుమీదే కూర్చుని రాశారు. మేనేజరు గడియారం చూసుకుంటూ తిరుగుతుంటే తలెత్తలేదు. రాసి కొట్టేయడం, కొట్టేసింది మళ్ళీ రాయడం. మధ్యమధ్య అవ్వను పిలిపించి, సున్నం ఎన్ని రోజులు నానాలి, ముందు గోడ దేనితో గీకారు, పూత కిందనుంచి వేస్తారా పైనుంచా అని నా చేత అడిగించేవారు. అవ్వ విసుక్కోకుండా చెయ్యి తిప్పి చూపించేది. ముప్పై ఏళ్ళుగా రాస్తున్న మనిషి, అన్నీ పోయాయనుకున్న చోట, బడిపిల్లవాడిలా మొదటినుంచి నేర్చుకుంటూ రాస్తుంటే చూసి, నేను కూడా నిటారుగా కూర్చున్నాను. ఈ సినిమా ఎట్లాగైనా పూర్తి కావాల్సిందే, నా వంతు మాట ఒక్కటి తప్పు పోకూడదు అనుకున్నాను.

కొత్త కథలో తండ్రి కొడుకు గోడ కోసం అంత దూరం వస్తాడు. అతిథి వస్తున్నాడని ముసలావిడ ముందురోజే దానికి సున్నం వేసి ఉంటుంది. కొడుకు వీపు ఆనిన మరక ఆ తెలుపు కింద పోయింది. అదేమిటో ఆవిడకు తెలియదు, ప్రేమకొద్దీ చేసింది. ఆయన అరచెయ్యి తెల్ల గోడమీద పెట్టి నిలబడతాడు. ఏమన్నాడని ఆవిడ అడిగితే, పక్కనున్న ఆడమనిషి, ఇల్లు చాలా బాగుందంటున్నారని చెబుతుంది. ఆ మాటలు నా చేతే తెలుగులో రాయించారు మాస్టారు. నేను పది లైన్లు రాస్తే తొమ్మిది కొట్టేశారు.

షూటింగు పద్దెనిమిది రోజులు సాగింది. దుండిగల్ వైపు నుంచి శిక్షణ విమానాలు తలమీద తిరుగుతుంటే సౌండు చూసే ఆయన చెవులకున్న హెడ్‌ఫోన్లు తీసేసి తల పట్టుకునేవాడు, మాస్టారు ఆకాశం ఖాళీ అయ్యేదాకా ఆగి మళ్ళీ మొదటినుంచి తీసేవారు. ఒక్కో షాటు పన్నెండుసార్లు, పదిహేనుసార్లు. నటించే ముసలాయనకు నీరసం వస్తే మాస్టారే ఎండలో గొడుగు పట్టేవారు. కోపం రాగా నేనెప్పుడూ చూడలేదు. వద్దన్నదాన్ని మాత్రం వద్దనే అనేవారు, మేనేజరు బతిమాలినా, దేవుడు దిగొచ్చినా.

ఆ సినిమా వాళ్ళ దేశంలో బాగా ఆడింది. తెల్ల గోడ సీను గురించి అక్కడ పత్రికలు తెగ రాశాయట, ఎంత లోతైన ఊహ అని. ఆ కత్తిరింపులన్నీ ఆయన నాకు పంపేవారు, పక్కన పెన్సిలుతో ఒక్క ముక్క, అవ్వకు చదివి వినిపించండి అని. తర్వాత పదేళ్ళలో ఆయన మరో నాలుగు సినిమాలు తీశారు. ఇక ఎవరి గుమ్మమూ ఎక్కాల్సిన అవసరం రాలేదు. నాకూ ఆ పేరుతో పని పెరిగింది. మేడ్చల్ చుట్టుపక్కల ఏ కంపెనీకి జపానువాళ్ళు వచ్చినా నాకే కబురు. విన్నది విన్నట్టు చెబుతుందని పేరు తెచ్చుకున్నాను. దానివల్ల కొన్ని బేరాలు చెడ్డాయి, కొందరు నామీద గుర్రుగా ఉన్నారు, అయినా మళ్ళీ ఒక్క మాట కూడా మింగలేదు.

సినిమా క్యాసెట్టు వచ్చినప్పుడు అలియాబాదు తీసుకువెళ్ళి, అద్దెకు తెచ్చిన వీసీఆరు పెట్టి, ఒక ఆదివారం మధ్యాహ్నం అవ్వకు చూపించాను. మొదట సున్నం మంచిగ పట్టిందని సంబరపడింది. తండ్రి చెయ్యి ఆ తెలుపు మీద ఆగినప్పుడు మాత్రం మాట్లాడ్డం మానేసింది. అయిపోయాక కూడా చాలాసేపు టీవీనే చూస్తూ కూర్చుంది. నేను బయల్దేరుతుంటే, "గాయనకు దుఃఖమే అయింది గదనే" అని మాత్రం అంది. సినిమా కథ అవ్వా అన్నాను. ఆవిడ వినిపించుకోలేదు.

రెండువేలు దాటి కొన్నేళ్ళయ్యాక మాస్టారు హైదరాబాదు వచ్చారు, ఏదో చిత్రోత్సవానికి, రెండు రోజులకి. బాగా చిక్కిపోయారు, నడకలో కర్ర వచ్చింది. వెళ్ళేరోజు పొద్దున కలిస్తే, అవ్వను చూసి విమానం ఎక్కుతాను, సాయంత్రందాకా వేళ ఉంది కదా అన్నారు. నాకేమో మధ్యాహ్నం ఒక కంపెనీలో పెద్ద మీటింగు, నేను లేకపోతే జరగదు. అలియాబాదు పోయి రావాలంటే ఆ పూటంతా పడుతుంది. తర్వాతిసారి తప్పకుండా తీసుకెళ్తాను మాస్టారూ అన్నాను. ఆయన కాదనలేదు. అయితే ఒక మాట ఆవిడకు చేర్చండి అని నిదానంగా, నేను రాసుకునేంత నిదానంగా చెప్పారు. నేను పాతికేళ్ళు సినిమాలు రాశాను, కానీ నన్ను డైరెక్టరును చేసింది మీ సున్నం. ఆ రోజు నాకు కోపం వచ్చింది, ఇన్నాళ్ళూ ఆ కోపానికి క్షమించమని అడగలేదు, ఇప్పుడు అడుగుతున్నాను. అది ఆయన మాట.

ఈ వారం, వచ్చే వారం అనుకుంటూ రెండు నెలలు గడిపాను. వెళ్ళేసరికి అవ్వ పోయి నలభై రోజులైంది. కోడలు చాప వేసి కూర్చోబెట్టి నీళ్ళిచ్చింది. కాసేపటికి నన్ను వాకిట్లోకి పిలిచింది. ఇల్లంతా తెల్లగానే ఉంది, ఏటేటా దసరాకు వేస్తున్నారట. ఆ పెద్దగోడ ఒక్కటే నల్లగా ఉంది. పొయ్యి పొగ, వాన చారలు, తలలు ఆనించిన నూనె మరకలు.

"గీ గోడ ఒక్కటి ముట్టనియ్యలేదమ్మా మా అత్త. మా ఇంటాయన ఎన్నిసార్లు లొల్లి జేసినా ఇన్లే. గాయన మల్ల సిన్మా దియ్యనీకి వస్తడు, ఈసారన్న పరేషాన్ గావొద్దు అని. ఊళ్ళె నవ్విన్రు, అయినా అట్లనే ఉంచింది."

మాస్టారి మాట ఆ కోడలికే చెప్పాను, ఒక్క పొల్లు పోకుండా. ఆమె కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. ఆ రాత్రే మాస్టారికి ఉత్తరం రాశాను, గోడ సంగతీ, నేను ఆలస్యం చేసిన సంగతీ. ఆయన దగ్గర్నుంచి కార్డు వచ్చింది, సున్నం వేయకుండా పదేళ్ళు ఆగిన మనిషి గురించి రాయడం మొదలుపెట్టానని, పూర్తి చేసి తీరతానని. పూర్తి కాలేదు. చివరి రోజుల్లో ఆస్పత్రి మంచం మీద కూడా రాస్తూనే ఉన్నారని వాళ్ళ అమ్మాయి తర్వాత ఉత్తరం రాసింది.

ఇప్పుడు ఫ్యాక్టరీలకు వచ్చే జపానువాళ్ళు ఫోనులో మాట్లాడితే అదే తెలుగులో చెప్పేస్తోంది, మాలాంటివాళ్ళతో ఎవరికీ పని లేదు. అవ్వ ఇల్లున్న చోట ఒక వెంచరువాళ్ళ గేటు, పొడవాటి ప్రహరీ. మేడ్చల్ నుంచి అలియాబాదుకు రింగురోడ్డు ఎక్కితే అరగంట కూడా పట్టదు. మొన్నామధ్య మా అబ్బాయి కారులో అటుగా వెళ్తూ ఎంత తొందరగా వచ్చేశామో చూశావా అమ్మా అన్నాడు. ఆ పెద్దావిడ ఆయన కోసం ఊరంతా నవ్వినా పదేళ్ళు ఒక గోడ ముట్టుకోకుండా ఉంచింది. నాకేమో, ఆయన అడిగిన ఆ రోజు, ఒక్క పూట దొరకలేదు.